“ఎర్రగడ్డకి పంపిస్తే దారికొస్తుంది”: ఈ మాట మన ఇళ్ళలోకి ఎలా వచ్చింది?

తుంగభద్ర (శనివారం, రాత్రి 10:40)

పోయిన ఆదివారం పెద్దనాన్న వాళ్ళింట్లో అందరం కలిశాం. భోజనాల దగ్గర మా చెల్లి (బాబాయి కూతురు, 26 ఏళ్ళు) తనకు చూసిన సంబంధం వద్దని మూడోసారి చెప్పింది. అరవలేదు, ఏడవలేదు. “నాకిష్టం లేదు, ఇంక అడగొద్దు” అని కంచం తీసుకుని లోపలికి వెళ్ళిపోయింది. మా మేనత్త వెంటనే అంది: “దీన్ని నాలుగు రోజులు ఎర్రగడ్డలో పెడితే దారికొస్తుంది.”

అందరూ నవ్వారు. నేనూ నవ్వాను. ఆ నవ్వు తలచుకుంటే ఇప్పటికీ సిగ్గుగా ఉంది.

జ్వరమొచ్చినవాళ్ళని “ఉస్మానియాలో పెడితే దారికొస్తాడు” అని ఎవరూ అనరు కదా. ఆసుపత్రి అంటే బాగుచేసే చోటు. మరి ఈ ఒక్క ఆసుపత్రి మాత్రం మాట విననివాళ్ళని వంచే చోటుగా మన నోళ్ళలో ఎందుకు స్థిరపడింది? నిజంగా అలా వాడిన సందర్భాలున్నాయా? లోపల పడ్డవాళ్ళు ఎలా ఎదురు నిలిచారు? తెలిసినవాళ్ళు రాయండి. సినిమాల గురించి వద్దు, నిజంగా జరిగినవి కావాలి.

పాతకాగితం (శనివారం, రాత్రి 11:25)

ఉన్నాయి తుంగభద్ర గారూ, కావలసినన్ని. నన్ను ఎక్కువగా పట్టుకున్నది ఎలిజబెత్ ప్యాకర్డ్ కథ.

అమెరికా, ఇల్లినాయ్ రాష్ట్రం, మాంటెనో అనే చిన్న ఊరు. ఆమె భర్త థియోఫిలస్ చర్చిలో మతబోధకుడు. ఆరుగురు పిల్లలు. ఆమె చేసిన నేరం, బైబిలు తరగతిలో భర్త నమ్మకాలతో తనకు పొత్తు కుదరడం లేదని నలుగురిలో చెప్పడం. అప్పటి ఇల్లినాయ్ చట్టంలో (1851) ఒక వెసులుబాటు ఉండేది. మిగతావాళ్ళని పిచ్చాసుపత్రిలో పెట్టాలంటే విచారణ జరగాలి, భార్య విషయంలో మాత్రం మొగుడు అడిగితే, ఆసుపత్రి సూపరింటెండెంటు సరేనంటే చాలు. 1860 జూన్‌లో ఆమెను జాక్సన్‌విల్ ఆసుపత్రికి తరలించారు. తన కాళ్ళతో తాను నడిచి వెళ్ళనంది, ఎత్తుకుని తీసుకెళ్ళాల్సి వచ్చింది. ఆ చిన్న పని నాకు చాలా పెద్దదిగా కనిపిస్తుంది. అడ్డుకునే బలం లేదు, అయినా ‘నేనే వచ్చాను’ అని మాత్రం ఎవరూ అనకూడదు.

మూడేళ్ళు ఉంచారు. దొరికిన కాగితం ముక్కల మీద లోపల చూసినవన్నీ దొంగచాటుగా రాసుకుంది. 1863లో బయటికొస్తే భర్త ఇంట్లోనే గదిలో పెట్టి, కిటికీలకు మేకులు కొట్టించాడు. ఆమె ఎలాగో ఒక చీటీ బయటికి పంపింది. అది కోర్టుదాకా వెళ్ళింది. 1864 జనవరిలో కాంకకీలో విచారణ. జ్యూరీ లోపలికి వెళ్ళి, ఆమెకు మతిస్థిమితం ఉందని తేల్చి బయటికి రావడానికి పట్టింది ఏడు నిమిషాలు.

మూడేళ్ళ నిర్బంధం ఒకవైపు, ఏడు నిమిషాలు ఒకవైపు. ఇంటికెళ్ళి చూస్తే భర్త పిల్లల్నీ సామాన్లనీ తీసుకుని వేరే రాష్ట్రం వెళ్ళిపోయాడు. ఆమె అక్కడితో కూలబడలేదు. జ్యూరీ విచారణ లేకుండా ఎవర్నీ లోపల పెట్టకూడదని 1867లో ఇల్లినాయ్‌లో చట్టం తెప్పించింది. లోపలున్నవాళ్ళ ఉత్తరాలు ఆపకూడదని తర్వాత ఊరూరా తిరిగి పోరాడింది.

తుంగభద్ర (శనివారం, రాత్రి 11:41)

ఏడు నిమిషాలు! ఇది చదివాక నిద్ర పట్టేలా లేదు.

వార్డు సిస్టర్ (ఆదివారం, ఉదయం 6:15)

నైట్ డ్యూటీ దిగి చదువుతున్నా. నేను ఒక ప్రభుత్వ మానసిక వైద్యశాలలో పదమూడేళ్ళుగా స్టాఫ్ నర్సుని. ఏ ఊరో చెప్పను. మీ మాటలు అబద్ధమని అనను గానీ, ఒకటి చెప్పకపోతే నాకు ఊపిరాడదు.

పోయిన నెల ఒకబ్బాయిని ఆటోలో తెచ్చారు. రెండు చేతులూ కొబ్బరితాడుతో కట్టేశారు. ముడి ఎంత బిగుసుకుపోయిందంటే విప్పడం కుదరక కత్తెర పెట్టి కోయాల్సి వచ్చింది. మణికట్ల దగ్గర చర్మం లేచిపోయింది. నాలుగు రోజులుగా నిద్రలేదు, ఎవరో చంపడానికి వస్తున్నారని కేకలు. ఆ తాడు కట్టింది ఆసుపత్రి కాదు, కోసింది ఆసుపత్రి. మందు పట్టాక పన్నెండో రోజున నా దగ్గరికొచ్చి, “సిస్టర్, మా అమ్మ తిన్నదో లేదో ఒకసారి ఫోన్ చేస్తారా” అన్నాడు.

మీరు మా ఆసుపత్రిని జైలుకి గుర్తుగా మార్చేస్తే, ఆ అబ్బాయి లాంటివాళ్ళని ఇంకో నాలుగు నెలలు తాళ్ళతో ఇంట్లోనే ఉంచుతారు. లేకపోతే గుడికో దర్గాకో తీసుకెళ్తారు. 2001 ఆగస్టు 6న తమిళనాడు ఎర్వాడిలో ఏం జరిగిందో గుర్తుందా? దర్గా ఊళ్ళో పాకల్లో నడిచిన ఆశ్రమం, మంటలు రేగితే 28 మంది పోయారు. గొలుసులతో కట్టేసి ఉండటం వల్ల పారిపోలేకపోయారు. అది ఆసుపత్రి కాదు.

మా దగ్గర బాగైపోయినా ఏళ్ళతరబడి ఉండిపోయినవాళ్ళున్నారు. అడ్మిషన్ ఫారంలో రాసిన నంబరుకి చేస్తే స్విచాఫ్. అడ్రసుకి ఉత్తరం రాస్తే తిరిగొస్తుంది. ఇంట్లోవాళ్ళే తప్పుడు అడ్రసు ఇచ్చి పోతారు. గేటు మేం తీసినా వాళ్ళు వెళ్ళడానికి చోటు లేదు. ఈ బాధ కూడా మీ చర్చలో ఉండాలి.

పాతకాగితం (ఆదివారం, ఉదయం 9:02)

సిస్టర్, మీ మాట ముమ్మాటికీ నిజం. నేను రాసింది చదివి ఎవరైనా మందులు మానేస్తే ఆ పాపం నాదే. కానీ ఆసుపత్రిని లోపలినుంచి మార్చినవాళ్ళు కూడా మీలాంటి ఆసుపత్రి మనుషులే. ఫ్రాంకో బజాలియా అనే డాక్టరు గురించి చెప్పనివ్వండి.

1961లో ఇటలీలోని గొరీజియా ఆసుపత్రికి డైరెక్టరుగా వచ్చాడు. మొదటిరోజు హెడ్ నర్సు ఒక రిజిస్టరు తెచ్చి సంతకం పెట్టమన్నాడు. ముందురోజు రాత్రి మంచాలకు కట్టేసిన రోగుల జాబితా అది. రోజూ జరిగే తంతే. బజాలియా తన ఊరి యాసలో “నేను పెట్టను” అన్నాడట. అంతే, పెట్టలేదు. మనం తిరుగుబాటు అంటే గోడలు దూకడం అనుకుంటాం. ఒక రిజిస్టరు మీద సంతకం పెట్టకపోవడం కూడా తిరుగుబాటే.

పదేళ్ళ తర్వాత 1971లో త్రియెస్తె ఊరి ఆసుపత్రికి వెళ్ళాడు. అక్కడ లోపల దాదాపు 1,200 మంది. బట్టలు మోసే బండిని లాగడానికి మార్కో అనే గుర్రం ఉండేది. అది ముసలిదైపోతే కబేళాకి అమ్మేద్దామనుకున్నారు. రోగులు కలిసి, గుర్రమే రాసుకున్నట్టుగా జిల్లా అధికారికి ఉత్తరం రాశారు: ఇన్నాళ్ళు పనిచేశాను, నన్ను బతకనివ్వండి అని. గుర్రం బతికింది! లోపలున్నవాళ్ళ మాటకి బయటివాళ్ళు తలొగ్గారు.

1973లో ఆ గుర్రం పేరుమీదే చెక్కతో, కాగితపు గుజ్జుతో నాలుగు మీటర్ల ఎత్తు నీలిరంగు గుర్రం చేశారు. రోగులు, నర్సులు, కళాకారులు అందరూ చేయి వేశారు. దాని పొట్ట నిండా లోపలివాళ్ళ కోరికలు. ఫిబ్రవరిలో ఊరేగింపుగా ఊళ్ళోకి తీసుకెళ్దామంటే అది గేటు పట్టలేదు. గుర్రాన్ని చిన్నది చేద్దామని ఎవరూ అనలేదు. డైరెక్టరే మిగతావాళ్ళతో కలిసి ఒక ఇనుప బెంచీ ఎత్తి, దానితో ద్వారాన్ని పొడిచి పగలగొట్టాడు. 1978 మేలో ఇటలీ 180వ నంబరు చట్టం తెచ్చి, కొత్తగా ఎవర్నీ అలాంటి ఆసుపత్రుల్లో చేర్చుకోకూడదని ఆపేసింది.

వార్డు సిస్టర్ (ఆదివారం, ఉదయం 9:30)

సంతకం పెట్టలేదన్న ముక్క దగ్గర ఆగిపోయా. మా రిజిస్టర్లు కళ్ళముందు కదిలాయి. పడుకుని లేచాక మళ్ళీ వస్తా.

చినవాల్తేరు (ఆదివారం, మధ్యాహ్నం 1:10)

మా ఇంటికి దగ్గర్లోనే విశాఖ మానసిక వైద్యశాల. ఇక్కడ పుట్టి పెరిగినవాళ్ళకి ఆ గోడ మామూలే. “చినవాల్తేరులో వేసేస్తా” అన్న మాట మా చిన్నప్పుడు ఇంటింటా వినబడేది.

ఆ మాట 2020లో నిజంగానే మా ఊరి రోడ్డుమీద కనిపించింది. నర్సీపట్నం ఆసుపత్రిలో ఆపరేషన్లకు మత్తుమందిచ్చే డాక్టరు ఒకాయన, కరోనా రోజుల్లో మాస్కులు లేవని మీడియా ముందు చెప్పి సస్పెండ్ అయ్యారు. మే 16న విశాఖలో ఆయన్ని పోలీసులు చొక్కా లేకుండా, చేతులు వెనక్కి కట్టి తీసుకెళ్ళిన వీడియో అందరం చూశాం. తర్వాత తీసుకెళ్ళింది ఇదే మానసిక వైద్యశాలకి. తాగి గొడవ చేశాడని పోలీసులు చెప్పారు. హైకోర్టు దర్యాప్తు సీబీఐకి ఇచ్చింది. మరుసటి ఏడాది మేలో ఆయన గుండెపోటుతో పోయారు.

ఎవరిది తప్పన్నది నేను తేల్చను. కానీ ఆ వీడియో చూశాక మా వీధిలో జనం అనుకున్న మాట ఒక్కటే: “నోరు తెరిస్తే ఇదా?” ఒక ఆసుపత్రి మీద ఆ భయం పడితే, రేపు నిజంగా జబ్బుచేసినవాడు ఆ గేటు దాటుతాడా? సిస్టర్ గారి బాధకీ తుంగభద్ర గారి ప్రశ్నకీ మధ్య ఉన్న ముడి ఇదే అనిపిస్తుంది.

నిర్వాహకులు (ఆదివారం, మధ్యాహ్నం 1:32)

ఈ పోస్టు ఉంచుతున్నాం. పార్టీల పేర్లతో సమాధానాలు వస్తే తీసేస్తాం. దయచేసి విషయం మీదే ఉండండి.

పాతకాగితం (ఆదివారం, మధ్యాహ్నం 3:05)

పార్టీల జోలికి వెళ్ళకుండా, రాజ్యమే ఇది ఒక పద్ధతిగా చేసిన చోటు చెప్తాను. సోవియట్ యూనియన్.

అక్కడి మనోవైద్యంలో ‘నెమ్మదిగా సాగే స్కిజోఫ్రీనియా’ అని ఒక జబ్బు పేరు ఉండేది. భ్రమలు లేకపోయినా, మాటలు వినపడకపోయినా ఆ పేరు తగిలించొచ్చు. దేశాన్ని సంస్కరించాలనుకోవడం ‘సంస్కరణ భ్రమ’, ఎక్కువగా ఆలోచించడం ‘తాత్విక మత్తు’. మాస్కోలోని సెర్బ్‌స్కీ మనోవైద్య సంస్థలో ఈ ముద్రలు పడేవి.

ప్యోత్ర్ గ్రిగొరెంకో సైన్యంలో మేజర్ జనరల్. సొంత నేల క్రిమియా నుంచి వెళ్ళగొట్టిన తాతార్ల తరఫున నిలబడినందుకు 1969లో తాష్కెంట్‌లో పట్టుకున్నారు. అక్కడి డాక్టర్లు పరీక్ష చేసి మతి బాగానే ఉందన్నారు. మాస్కోకి తెచ్చి మళ్ళీ పరీక్ష చేస్తే పిచ్చి అన్నారు. 1974 దాకా లోపలే. ఆయన లోపల ఉండగానే సెమ్యోన్ గ్లుజ్మన్ అనే కుర్ర డాక్టరు, రికార్డులు చూసి ఈయనకు ఏ జబ్బూ లేదని నివేదిక రాశాడు. దానికి అతనికి పడింది ఏడేళ్ళు ఖైదీల చాకిరీ శిబిరం, మూడేళ్ళ ప్రవాసం. శిబిరంలో అతనూ, వ్లదీమిర్ బుకోవ్‌స్కీ అనే ఖైదీ కలిసి ఒక చేతిపుస్తకం రాశారు. మనోవైద్యుడి ముందు కూర్చోబెడితే ఏం చెప్పాలి, ఏం చెప్పకూడదు అని అసమ్మతివాదుల కోసం. ఈ బుకోవ్‌స్కీయే 1971లో ఇలాంటి కేసుల కాగితాలు పడమటి దేశాలకు చేరవేసినవాడు.

ఇంకొకామె, కవయిత్రి నతాల్యా గొర్బనేవ్‌స్కయా. చెకొస్లొవేకియాలోకి సోవియట్ సైన్యం వెళ్ళినందుకు 1968 ఆగస్టు 25న మాస్కో ఎర్రకూడలిలో (రెడ్ స్క్వేర్) ఎనిమిది మంది నిరసనగా కూర్చున్నారు. ఆమె మూడు నెలల బిడ్డను తోపుడుబండిలో వేసుకుని వచ్చింది. బ్యానర్లు దాచింది ఆ బండిలోనే. తర్వాత అరెస్టు చేసి కజాన్ ప్రత్యేక ఆసుపత్రిలో పెట్టారు, 1972లో బయటికొచ్చింది.

ప్రపంచ మనోవైద్యుల సంఘం తమని తీసేస్తుందని తెలిసి 1983లో సోవియట్ వైద్యులు తామే తప్పుకున్నారు. 1989లో తప్పులు జరిగాయని ఒప్పుకున్నాకే మళ్ళీ చేర్చుకున్నారు.

రెండుసార్లు (ఆదివారం, సాయంత్రం 5:50)

చాలాకాలంగా చదువుతూ ఉన్నా, ఎప్పుడూ రాయలేదు. నాకు బైపోలార్ (విపరీతమైన ఉత్సాహం, కుంగుబాటు మార్చి మార్చి వచ్చే జబ్బు). రెండుసార్లు అడ్మిట్ అయ్యాను.

మొదటిసారి 2014. మా అన్నలు కాఫీలో నిద్రమాత్ర కలిపారు. లేచేసరికి ఒక ప్రైవేటు ఆసుపత్రి. నా ఒంటిమీద లుంగీ నాది కాదు. చెప్పులు తీసేశారు, పారిపోకుండా. అక్కడ నాకు బాగా గుర్తున్నది సిమెంటు నేల చల్లదనం. డిసెంబరు నెల, ఇరవై రెండు రోజులు వట్టి కాళ్ళతో తిరిగాను.

నాకు జబ్బు ఉంది, అది నిజం. ఆ నెలలో నేను అప్పులు చేసి మూడు బైకులు బుక్ చేశాను, అదీ నిజమే. మా అన్న నా వాటా పొలం నన్నడక్కుండా కౌలుకిచ్చేశాడు, అది కూడా నిజం. పొలం సంగతి ఎత్తినప్పుడల్లా “ఇంకా తగ్గలేదు” అని డోసు పెంచారు. జబ్బున్నవాడి నోటినుంచి వచ్చే న్యాయమైన మాట కూడా జబ్బు లెక్కలోకే పోతుంది. అదే నన్ను ఎక్కువ చంపింది. చివరికి పొలం మాట ఎత్తడం మానేశాను. “ఇప్పుడు బాగుంది” అని ఇంటికి పంపారు.

రెండోసారి 2019. ఈసారి నాకే తెలిసింది, నిద్ర పోయింది, మాట వేగం పెరిగింది. బ్యాగులో తువ్వాలు, బ్రష్షు, చార్జరు పెట్టుకుని నేనే వెళ్ళి ప్రభుత్వ ఆసుపత్రిలో చేరాను. పదిహేడు రోజులు. అక్కడ కూడా తాళాలున్నాయి, అక్కడ కూడా మందులు బలవంతమే అనిపించిన రోజులున్నాయి. కానీ చెప్పులు నా కాళ్ళకే ఉన్నాయి. డాక్టరమ్మ పొలం గొడవ విని, “అది లాయరు చూసుకోవాల్సిన పని, నిద్ర నేను చూసుకుంటా” అన్నారు.

సిస్టర్, మీ మీద కోపం లేదు. మీలాంటివాళ్ళే నన్ను నిలబెట్టారు. కానీ ఆ మొదటి ఇరవై రెండు రోజుల్ని వైద్యం అని మాత్రం నన్ను అనమనకండి.

వార్డు సిస్టర్ (ఆదివారం, సాయంత్రం 6:40)

అనమనను తమ్ముడూ. రేపు వార్డులో చెప్పుల సంగతి చూస్తాను.

కృష్ణవేణి (ఆదివారం, రాత్రి 8:15)

మా అమ్మమ్మ చెల్లెలి గురించి చెప్తాను. చిన్నమ్మమ్మ అని పిలిచేవాళ్ళం. 1970ల్లో, పుట్టింటివాళ్ళిచ్చిన ఎకరంన్నర తన పేరునే ఉంచాలని పట్టుబట్టినందుకు అత్తింటివాళ్ళు తీసుకెళ్ళి ఒక ఆసుపత్రిలో చేర్పించారు. పద్నాలుగు నెలలు. పేను పట్టిందని జుట్టు కత్తిరించేశారు.

రోజూ రౌండ్స్‌లో డాక్టరు అడిగే మొదటి ప్రశ్న “ఈరోజు తారీకు ఎంత?” అని. ఆమెకి ఇంగ్లీషు తారీకులు తెలియవు. పల్లెటూరి మనిషి, పంచాంగం మీద బతికింది. “బహుళ సప్తమి, బుధవారం” అని చెప్పేది. తెలియలేదని రాసుకునేవాళ్ళట. తోటి మనిషి ఒకామె జాలిపడి తారీకు నేర్పబోతే ఈమె వద్దంది. “నేను చెప్పింది తప్పు కాదు, వాళ్ళకి తెలియకపోతే అది నా తప్పా?” అని. వార్డులో క్యాలెండరు లేదు. కిటికీలోంచి చంద్రుణ్ణి చూసి తిథి లెక్క తప్పకుండా ఉంచుకుంది. పద్నాలుగు నెలల్లో ఒక్కరోజు కూడా తప్పలేదని చెప్పేది. అమావాస్య ముందూ వెనకా మబ్బు పడితే మాత్రం టెన్షన్‌గా ఉండేదట.

చివరికి మా తాతయ్య వెళ్ళి గొడవపడి తీసుకొచ్చాడు. ఆ తర్వాత ముప్పై ఏళ్ళు బతికింది. ఏ గదికీ లోపలినుంచి గడియ వేసుకునేది కాదు. స్నానానికి వెళ్ళినా తలుపు దగ్గరగా వేసి, మమ్మల్ని ఒకర్ని బయట నిలబెట్టేది. లేవగానే తిథి, వారం, నక్షత్రం పైకి చెప్పేది. అది పూజ అనుకునేవాళ్ళం చిన్నప్పుడు.

ఎకరంన్నర చివరిదాకా ఆమె పేరునే ఉంది.

పాతకాగితం (ఆదివారం, రాత్రి 8:50)

కృష్ణవేణి గారూ, ఇది నేను చదివిన చరిత్రలన్నిటికంటే బరువైనది.

నల్లకోటు (ఆదివారం, రాత్రి 9:20)

వృత్తిరీత్యా లాయర్ని. తుంగభద్ర గారి చెల్లి విషయం కోసం రాస్తున్నాను.

ముందు పాత సంగతి ఒకటి. 1912 నాటి బ్రిటిష్ చట్టంలో ప్రతి పిచ్చాసుపత్రికీ తనిఖీకి వచ్చే సందర్శకులుండాలి. హోదారీత్యా సందర్శకుడు ఎవరనుకున్నారు? జైళ్ళ ఇన్‌స్పెక్టర్ జనరల్. ఆ చట్టం 1987 చట్టం వచ్చేదాకా నడిచింది. మేనత్తగారి నోట్లో మాట ఊరికే రాలేదు, ఆ నీడ అంత పొడుగ్గా ఉంది.

ఇప్పుడున్నది 2017 నాటి మానసిక ఆరోగ్య సంరక్షణ చట్టం. మూడో సెక్షన్‌లో స్పష్టంగా ఉంది: మనిషి తన చుట్టూ ఉన్న సమాజపు నీతినియమాలకో, రాజకీయ భావాలకో, మత విశ్వాసాలకో ఒదగలేదన్న కారణంతో మానసిక జబ్బు ఉందని తేల్చకూడదు. సంబంధం వద్దనడం జబ్బు కాదు. ఇష్టం లేకుండా చేర్చాలంటే 89వ సెక్షన్ ప్రకారం ఇద్దరు విడివిడిగా పరీక్షించాలి, అందులో ఒకరు సైకియాట్రిస్టు అయి తీరాలి. 30 రోజులకు మించి ఆ సెక్షన్ కింద ఉంచకూడదు. ఆడవాళ్ళ విషయంలో మూడు రోజుల్లోగా రివ్యూ బోర్డుకి (ఇలాంటి అడ్మిషన్లను సమీక్షించే బోర్డు) తెలియజేయాలి. గొలుసులు వేయడం 95వ సెక్షన్ కింద పూర్తిగా నిషేధం. లోపలున్నవాళ్ళకి ఫోను, ఉత్తరాల హక్కు ఉంది. ప్యాకర్డ్ గారు దేనికోసం తిరిగారో అదే.

కోర్టుల్లో “నా భార్యకు పిచ్చి” అని విడాకులడిగే కేసులు ఎన్నో చూశాను. 2013లో మన ఆంధ్ర డాక్టరు దంపతుల కేసులోనే సుప్రీంకోర్టు, జబ్బు పేరు చూపించినంత మాత్రాన విడాకులివ్వం, అది కాపురం చేయలేనంత తీవ్రమైనదని నిరూపించాలి అని చెప్పి భర్తకు విడాకులు నిరాకరించింది.

అసలు పనికొచ్చేది 14వ సెక్షన్. రేపు నాకేమైనా అయితే నా తరఫున నిర్ణయాలకు తోడుండేది ఫలానా మనిషి అని ముందే రాసిపెట్టుకోవచ్చు. తల్లిదండ్రులే కానక్కర్లేదు, స్నేహితురాలైనా ఫర్వాలేదు, మేజర్ అయి ఉండి, ఆ బాధ్యత మోయగలిగి, రాతపూర్వకంగా ఒప్పుకుంటే చాలు.

తుంగభద్ర (ఆదివారం, రాత్రి 9:34)

స్టాంపు పేపరు కావాలా? నోటరీ?

నల్లకోటు (ఆదివారం, రాత్రి 9:37)

చట్టంలో ఉన్నది తెల్లకాగితం, సంతకం లేదా వేలిముద్ర. అంతే. రెండు కాపీలు రాసుకుని ఒకటి ఆ స్నేహితురాలి దగ్గర ఉంచమనండి.

తుంగభద్ర (సోమవారం, రాత్రి 10:05)

నిన్న మొత్తం చర్చ చెల్లికి పంపాను. ఈరోజు సాయంత్రం నా గదికి వచ్చింది. నేను నవ్వినందుకు క్షమాపణ అడిగాను. “నువ్వు నవ్వడం చూశాను అక్కా” అని మాత్రం అంది. నాకు ఏం చెప్పాలో తోచలేదు.

తర్వాత ఇద్దరం కూర్చుని రాశాం. తన హాస్టల్ స్నేహితురాలి పేరు పెట్టింది. నా పేరు పెట్టలేదు, అది న్యాయమే. రెండు కాపీలు. పైన తారీకు వేశాక పెన్ను ఆపి, ఫోన్‌లో పంచాంగం తెరిచి, కృష్ణవేణి గారి చిన్నమ్మమ్మ కోసం తిథి కూడా రాసింది.